‘ఏదో ఒక్కటే టిక్ చేయాలి’: పెర్ఫార్మెన్స్, విజువల్ ఆర్టిస్టు కెరీర్ అంటే ఏమిటి?

మొన్న ఒక సాయంత్రం మా వీధిలోని అమ్మాయి దరఖాస్తు ఒకటి పట్టుకుని మా ఇంటికి వచ్చింది. ఫైన్ ఆర్ట్స్‌లో డిగ్రీ చేసి ఈ మధ్యే శ్రీకాకుళం తిరిగొచ్చింది. దరఖాస్తులో ‘కళారంగం’ అన్న చోట ఐదు గళ్ళున్నాయి: సంగీతం, నృత్యం, నాటకం, జానపదం, చిత్రలేఖనం. కింద చిన్న అక్షరాల్లో ‘ఏదో ఒక్కటే టిక్ చేయాలి’ అని ఉంది. “నేను చేసేది వీటిలో పూర్తిగా ఏదీ కాదు మాస్టారూ. అలాగని వీటికి బయటా లేదు” అంది. నేను బళ్ళో డ్రాయింగ్ చెప్పినవాణ్ణి కదా, నాకు తెలుస్తుందని ఆశ. వెనకే వచ్చిన వాళ్ళమ్మ అసలు ప్రశ్న అడిగింది: “ఇంతకీ ఇది చేసేదేటి మాస్టారూ? చుట్టాలు అడిగితే నాకు చెప్పడం రావట్లేదు.”

ఆ అమ్మాయి తన పేరు కింద ‘మల్టీడిసిప్లినరీ పెర్ఫార్మెన్స్ అండ్ విజువల్ ఆర్టిస్ట్’ అని రాసుకుంటుంది. ఈ మాట ఇప్పుడు తరచుగా వినబడుతోంది. దేశంలో పేరున్న కళా ప్రదర్శన కొచ్చి బినాలే. దాని ఆరో విడతను రూపొందించే బాధ్యత నిఖిల్ చోప్రాకీ, ఆయన గోవాలో సహచరులతో కలిసి నడిపే హెచ్‌హెచ్ ఆర్ట్ స్పేసెస్‌కీ ఇచ్చారు. చోప్రా సరిగ్గా ఇలాంటి కళాకారుడే. బొమ్మలు వేస్తాడు, వేషం కడతాడు, గంటల తరబడి, రోజుల తరబడి జనం మధ్య ఉండి పని చేస్తాడు. 2019లో న్యూయార్క్‌లోని మెట్రోపాలిటన్ మ్యూజియంలో తొమ్మిది రోజులు అలాగే చేశాడు. పత్రికల్లో ఫోటోలు చూసినవాళ్ళకి అది నాటకమా, చిత్రలేఖనమా, వ్రతమా అన్నది అర్థం కాదు.

ఆ తల్లికి నేను అప్పటికప్పుడు సరైన జవాబు చెప్పలేకపోయాను. తర్వాత కూర్చుని ఆలోచిస్తే నాకు ఒకటి తోచింది. ఈ వృత్తిలోని చిక్కులన్నీ ఒకే ప్రశ్న చుట్టూ తిరుగుతున్నాయి: ఆట అయిపోయాక మిగిలేదేమిటి, మిగిలినది ఎవరిది?

పెర్ఫార్మింగ్ వేరు, పెర్ఫార్మెన్స్ వేరు

ముందు మాటలు తేల్చుకుందాం. కంటికి కనబడే రూపంలో నిలిచే కళ విజువల్ ఆర్ట్: బొమ్మ, శిల్పం, ఫోటో, వీడియో. ఒక గది మొత్తాన్ని కళగా అమర్చితే దాన్ని ఇన్‌స్టలేషన్ అంటారు. మనిషి ఎదురుగా నిలబడి ఆడి, పాడి, చెప్పేవి పెర్ఫార్మింగ్ ఆర్ట్స్: సంగీతం, నాట్యం, నాటకం, హరికథ. ఈ రెండు తరగతులూ మనకు పాతవే. ఢిల్లీలో వీటికి అకాడమీలు కూడా విడివిడిగా పుట్టాయి. 1953లో సంగీత నాటక అకాడమీ ప్రారంభమైంది, 1954లో లలిత కళా అకాడమీ. అప్పటినుంచీ దరఖాస్తుల్లో గళ్ళు కూడా ఆ గోడను బట్టే గీస్తున్నారు.

తికమక అంతా మూడో మాట దగ్గర వస్తుంది. అది పెర్ఫార్మెన్స్ ఆర్ట్. మన పౌరాణిక నాటకంలో హరిశ్చంద్రుడి వేషగాడు కాటి సీనులో గుండెలు పగిలేలా పద్యం అందుకుంటాడు. చూసేవాళ్ళకి కన్నీళ్ళొస్తాయి. తెర పడ్డాక ఆయన రంగు తుడుచుకుని టీ తాగుతాడు. ఆయన హరిశ్చంద్రుడు కాదని ఆయనకీ తెలుసు, మనకీ తెలుసు. పెర్ఫార్మెన్స్ ఆర్ట్‌లో ఈ ఒప్పందం ఉండదు. చాలావరకు కళాకారుడు తానుగానే ఉంటాడు. అలసట నిజం, ఆకలి నిజం, గడియారం చూపించే టైము కూడా నిజం. చిత్రకారుడికి రంగు ఎలాగో, ఇక్కడ శరీరమూ సమయమూ అలాగ.

దీనికి నాకు బాగా నచ్చిన ఉదాహరణ తైవాన్‌లో పుట్టిన తెచింగ్ షియే. 1980 ఏప్రిల్ నుంచి 1981 ఏప్రిల్ దాకా న్యూయార్క్‌లో తన గదిలో ఫ్యాక్టరీ హాజరు గడియారం ఒకటి పెట్టుకున్నాడు. గంటకోసారి, రాత్రీ పగలూ, ఏడాది పొడవునా కార్డు గుద్దాడు. గుద్దినప్పుడల్లా ఒక ఫ్రేము ఫోటో. ఏడాదికి 8,760 గంటలు. వాటిలో 133 సార్లు తప్పాడు, ఎక్కువసార్లు నిద్ర పట్టేసి. ఆ తప్పినవి కూడా లెక్క రాసి పెట్టాడు. మొదటి రోజు గుండు చేయించుకున్నాడు కాబట్టి ఫోటోలు వరసగా చూస్తే జుట్టు పెరుగుతూ కనబడుతుంది. ఆ రోజుల్లో అతనికి అమెరికాలో ఉండటానికి కాగితాలు కూడా లేవు. నైట్ షిఫ్టు చేసినవాళ్ళకి ఆ జుట్టు చూస్తే వేరే వివరణ అక్కర్లేదు.

ఇక ‘మల్టీడిసిప్లినరీ’. ఒకటి కంటే ఎక్కువ విద్యల్లో పని చేయడం అని అర్థం. అన్నీ కొంచెం కొంచెం వచ్చు అని కాదు. చెప్పాల్సిన విషయాన్ని బట్టి సాధనాన్ని ఎంచుకోవడం. పుష్పమాల ఎన్. శిల్పిగా శిక్షణ పొందారు. తర్వాత తానే వేషాలు కట్టి కెమెరా ముందు నిలబడి ఫోటోలు తీయించుకోవడం మొదలుపెట్టారు. ఆ ఫోటో శిల్పమా, నటనా, ఛాయాచిత్రమా అంటే మూడూనూ.

నారాయణదాసు గారిని ఏ గడిలో పెడతాం?

ఇదంతా పరాయి దేశం సరుకు అనుకునేవాళ్ళు ఒకసారి విజయనగరం వైపు చూడాలి. ఆదిభట్ల నారాయణదాసు (1864–1945) బొబ్బిలి ప్రాంతంలోని అజ్జాడలో పుట్టారు. కాళ్ళకు గజ్జెలు, చేతిలో చిరతలు. కథ చెప్పేదీ ఆయనే, పాడేదీ ఆడేదీ ఆయనే, ఆ కథను కట్టిన కవీ ఆయనే. ఐదు తాళాలు ఒక్కసారే వేయగల లయ విద్యతో ‘పంచముఖీ పరమేశ్వర’ అనిపించుకున్నారు. ఉమర్ ఖయ్యాం రుబాయీలను ఒకపక్క సంస్కృతంలోకీ, ఇంకోపక్క అచ్చ తెలుగులోకీ తెచ్చారు. 1919లో విజయనగరంలో మహారాజా సంగీత కళాశాల పెట్టినప్పుడు మొదటి ప్రిన్సిపాల్ ఆయనే. ఆయనకు ఆ ఐదు గళ్ళ దరఖాస్తు ఇస్తే ఎక్కడ టిక్ పెట్టేవారు?

వీరఘట్టం నుంచి వచ్చిన కోడి రామ్మూర్తి నాయుడిని మనం మల్లయోధుడనే గుర్తుంచుకున్నాం. కానీ ఆయన ఛాతీకి చుట్టిన ఇనుప గొలుసును ఊపిరి బిగబట్టి తెంపేవాడు. ఏనుగును గుండె మీదుగా నడిపించుకునేవాడు. టిక్కెట్టు కొన్న జనం ముందు శరీరం ఎంతవరకు ఓర్చుకోగలదో చూపించడమే ఆ ఆట. శరీరం హద్దులను పరీక్షించడం పెర్ఫార్మెన్స్ ఆర్ట్‌లో పెద్ద పాయ. ఆయన దాన్ని సర్కస్ అన్నాడు, అంతే తేడా.

తప్పెటగుళ్ళు చూసినవాళ్ళకి వేరే చెప్పక్కర్లేదు. ఛాతీ మీద రేకు వాయిద్యం, కాళ్ళకు గజ్జెలు. పదిహేను ఇరవైమంది పాడుతూ, వాయిస్తూ, ఎగురుతూ, ఒకరి భుజాల మీద ఒకరు ఎక్కి గోపురం కడతారు. పాట, వాద్యం, నాట్యం, సాము నాలుగూ ఒకే ఊపిరిలో జరిగిపోతాయి.

అయితే కొత్తదనం ఎక్కడుంది?

“మన దగ్గర ఎప్పుడో ఉంది” అని సరిపెట్టుకోవడం సుఖంగానే ఉంటుంది కానీ అది సగం నిజం. మిగతా సగం కోసం విజయనగరం పైడితల్లమ్మ జాతరలోని సిరిమానును తీసుకుందాం.

విజయదశమి వెళ్ళాక వచ్చే మంగళవారం. మూడు లాంతర్ల కూడలి దగ్గర ఇసుక వేస్తే రాలనంత జనం. ముందు అంజలి రథం, తెల్ల ఏనుగు, పాలధార, బెస్తవారి వల. వెనక సిరిమాను. చింత మాను అది, తల చివర చిన్న పీట, పీట మీద పూజారి. మాను కదిలినప్పుడు ఆ చివర ఆకాశంలో మెల్లగా ఊగుతుంది. కింద ఉన్నవాళ్ళు అరటిపళ్ళు విసురుతారు. కొన్ని పూజారికి తగులుతాయి, ఆయన కదలడు. గుడి నుంచి కోట దాకా మూడుసార్లు. నేను చిన్నప్పుడు మా నాన్న భుజాల మీద కూర్చుని చూశాను. ఆయన మెడ చెమటకు జారుతుంటే జుట్టు పట్టుకున్నాను. ఎంత పెద్ద మ్యూజియంలోనూ అంత పెద్ద శిల్పం కదలడం నేను చూడలేదు.

కానీ సిరిమానుకి ‘రచయిత’ లేడు. పూజారి దాన్ని తన పని అనడు. వచ్చే ఏడాది దాన్ని మార్చి కొత్తగా చేద్దాం అనుకోడు. జనం ప్రేక్షకులు కారు, మొక్కు చెల్లించేవాళ్ళు. ఆ రోజు కాక ఇంకో రోజు, ఆ ఊరు కాక ఇంకో ఊళ్ళో అది జరిగితే అది సిరిమాను కానే కాదు. పెర్ఫార్మెన్స్ ఆర్టిస్టుకి పరిస్థితి ఇందుకు తలకిందులు. ఆమెకు పండుగ లేదు, ఆస్థానం లేదు, కులవృత్తి లేదు. ఎందుకు చేస్తున్నావని అడిగితే ‘అమ్మవారి ఆన’ అనో, ‘మా తాతలనాటి నుంచీ’ అనో చెప్పడానికి ఉండదు. కారణం తానే వెతుక్కోవాలి, చోటు తానే చూసుకోవాలి, చూసేవాళ్ళను తానే పోగుచేసుకోవాలి. చివర సంతకం కూడా తనదే.

ఇక్కడ పండితుల్లో రెండు వాదాలున్నాయి. ఒక వర్గం అంటుంది: జాతరనూ జానపదాన్నీ పెర్ఫార్మెన్స్ ఆర్ట్ అనడం తప్పు, నమ్మకాన్ని ప్రదర్శనగా కుదించినట్టు అవుతుంది. రెండో వర్గం అంటుంది: ఈ పేరును ఒక్క న్యూయార్క్‌కే రాసిచ్చేస్తే మన కళాకారులు ఎప్పటికీ ‘జానపదం’ గడిలోనే ఉండిపోతారు. నాకు మొదటి మాటలో జాగ్రత్త నచ్చుతుంది, రెండో మాటలో న్యాయం కనబడుతుంది. జానపదం ఉన్నచోటే ఉండిపోదని చెప్పడానికి మన జిల్లాలోనే సాక్ష్యం ఉంది. శ్రీకాకుళ ఉద్యమ కాలంలో సుబ్బారావు పాణిగ్రాహి, జముకు వాయిస్తూ చెప్పే జముకుల కథను తీసుకుని అందులో కొత్త విషయం నింపాడు. రూపం ఊరిది, చెప్పిన మాట ఆ కాలానిది. సీతంపేట కొండల్లో సవరలు ఇంటి గోడ మీద పూజ కోసం వేసిన బొమ్మలు కూడా ఇప్పుడు కాగితం మీదికీ గుడ్డ మీదికీ దిగాయి. గోడ నుంచి దిగిన క్షణాన ఆ బొమ్మకి కొనేవాడొకడు పుట్టాడు, వెంటనే వేసినవాళ్ళ పేరు అవసరమైంది.

ఐదు రోజులు, ఐదు గుడ్డలు

ఇప్పుడు మా వీధి అమ్మాయి చేద్దామనుకుంటున్న పనిని విప్పి చూద్దాం.

వాళ్ళమ్మ పెళ్ళికి ముందు కాశీబుగ్గలో జీడి పని చేసింది. పలాస జీడిపప్పు అందరూ తింటారు. దాని పై చిప్పలో ఉండే రసం గురించి పని చేసినవాళ్ళకే తెలుసు. చర్మం మీద పడితే కాలుతుంది, పొక్కుతుంది, నల్లగా పట్టేస్తుంది. చేతులకు బూడిదో నూనో రాసుకుని కూర్చుంటారు. అయినా వేళ్ళ సందుల్లో నలుపు వారాల తరబడి పోదు. మాట్లాడుతున్నంతసేపూ ఆవిడ కుడి బొటనవేలు చూపుడు వేలి పక్కన ఏదో తుడుస్తూనే ఉంది. పని మానేసి పాతికేళ్ళయింది.

అమ్మాయి ఆలోచన ఇది. ఒక హాల్లో నేల మీద పొందూరు ఖాదీ పరిచి, దాని మీద కూర్చుని, రోజుకి ఆరు గంటల చొప్పున ఐదు రోజులు జీడి పిక్కలు కొడుతుంది. పక్కన ఆ పని చేసిన ఇద్దరు ఆడవాళ్ళు కూర్చుంటారు. చెయ్యి నల్లబడినప్పుడల్లా కిందనున్న తెల్ల గుడ్డకు తుడుచుకుంటారు. రోజుకొక గుడ్డ. మాట్లాడుకోవచ్చు, పాడుకోవచ్చు, ఎవరైనా వచ్చి ఎదురుగా కూర్చోవచ్చు. పొందూరు ఖాదీనే ఎందుకంటే దాని పత్తిని వాలుగ చేప దవడ ఎముకతో ఏరి శుభ్రం చేస్తారు. అది కూడా ఆడవాళ్ళ చేతి పనే. ఒక చేతి పని తెల్లదనాన్ని ఇస్తే ఇంకో చేతి పని దాని మీద నలుపు వేస్తుంది. ఈ మాట చెప్పినప్పుడు ఆ పిల్ల మొహం చూడాల్సింది.

ఐదో రోజు సాయంత్రం అందరూ లేచి వెళ్ళిపోతారు. అప్పుడు మిగిలేవి: మరకలు పడ్డ ఐదు గుడ్డలు, ముప్పై గంటల వీడియో, ఫోటోలు, పిక్క పగిలే చప్పుళ్ళూ మాటలూ పట్టిన ఆడియో, చిప్పల గుట్ట. ఇంకొకటి కూడా మిగులుతుంది, సాధారణంగా అది ఎవరికీ తట్టదు. ఈ పనిని మళ్ళీ ఎలా చేయాలో రాసిన ఒక పేజీ: ఎంతసేపు, ఎంతమంది, ఏ గుడ్డ, ఏం చేయకూడదు. దాన్ని ‘స్కోర్’ అంటారు.

పెర్ఫార్మెన్స్, విజువల్ అనే రెండు మాటలు ఒకే మనిషి పేరు కింద ఎందుకు చేరతాయో ఇక్కడ అర్థమవుతుంది. ఆ ముప్పై గంటలు పెర్ఫార్మెన్స్. గుడ్డలు, ఫోటోలు, వీడియో విజువల్ ఆర్ట్. మొదటిది చేస్తేనే రెండోది పుడుతుంది. రెండోది లేకపోతే, ఆ ఐదు రోజులూ అక్కడికి రానివాళ్ళకి మొదటిది జరిగినట్టే తెలియదు.

అందరూ ఇలా మిగుల్చుకోవాలనీ లేదు. టీనో సెహగల్ అనే కళాకారుడు తన పనులకు ఫోటోలు తీయనివ్వడు, కాగితం రాయడు. మ్యూజియంకి అమ్మినా నోటి మాటతోనే, సాక్షుల ఎదుట. ఎలా చేయాలో నేర్చుకున్నవాళ్ళు ఇంకొకరికి నేర్పాలి. తప్పెటగుళ్ళు ఇప్పటిదాకా బతికిందీ అలాగే, గురువు కాళ్ళు చూసి శిష్యుడి కాళ్ళు నేర్చుకుని. తేడా ఏమిటంటే సెహగల్ నోటి మాటకి వెల కడుతున్నారు.

మిగిలినది ఎవరిది? చట్టం చెప్పేది

మన కాపీరైట్ చట్టం 1957 నాటిది. బొమ్మ, శిల్పం, ఫోటో ‘కళాకృతులు’. వేసినవాళ్ళ జీవితకాలం, ఆ తర్వాత 60 ఏళ్ళు హక్కు ఉంటుంది. ఆడేవాళ్ళకీ పాడేవాళ్ళకీ 1994 సవరణ దాకా ప్రత్యేకమైన హక్కు అంటూ లేదు. ఇప్పుడు ‘ప్రదర్శకుల హక్కు’ ఉంది, 50 ఏళ్ళు. ప్రదర్శకులు ఎవరన్న నిర్వచనంలో నటులు, గాయకులు, నర్తకులతో పాటు గారడీవాళ్ళు, పాములవాళ్ళు, ఉపన్యాసం ఇచ్చేవాళ్ళు కూడా ఉన్నారు. చివర ‘ప్రదర్శన ఇచ్చే ఇంకెవరైనా’ అని ఉంది. దరఖాస్తు గళ్ళ కంటే చట్టం మనసు పెద్దది. జీడి పిక్కలు కొట్టే అమ్మాయికి అందులో చోటుంది.

కానీ అసలు చిక్కులు చిన్న విషయాల్లో వస్తాయి. ఫోటో గానీ వీడియో గానీ ఎవరైనా డబ్బిచ్చి తీయించుకుంటే, వేరే ఒప్పందం లేనప్పుడు, మొదటి హక్కు తీయించుకున్నవాళ్ళది. అదే స్నేహితుడు అభిమానంతో ఊరికే వచ్చి ఫోటోలు తీశాడనుకోండి, వాటి హక్కు ఆ స్నేహితుడిది. మొహమాటానికి పోయి డబ్బు మాటా కాగితం మాటా ఎత్తకపోతే, పదేళ్ళ తర్వాత తన పని ఫోటోను తానే పుస్తకంలో వేసుకోవడానికి ఇంకొకరిని అడగాల్సి వస్తుంది.

రెండోది నన్ను ఆపి ఆలోచింపజేసింది. పక్కన కూర్చున్న ఆ ఇద్దరు ఆడవాళ్ళూ ప్రదర్శకులేనా? 2012 సవరణ ప్రకారం, సినిమా రూపంలో ఉన్నదానిలో ఎవరి పాత్ర అయినా యాదృచ్ఛికంగా, నామమాత్రంగా ఉండి, పేర్లలో ఎక్కడా వేయకపోతే, వారిని ప్రదర్శకులుగా లెక్కించరు. తమ ప్రదర్శనను పరువు పోయేలా వక్రీకరిస్తే అడ్డుకునే నైతిక హక్కు ఒక్కటే మిగులుతుంది. ముప్పై గంటలు కూర్చుని పని చేసినవాళ్ళది నామమాత్రం ఎలా అవుతుందని వాదించవచ్చు. కానీ వీడియో చివర పేర్లు వేస్తే ఆ వాదనే అక్కర్లేదు. ఒక్క లైను. ఆ లైనులో అంత ఉంది.

ఆలోచనకి మాత్రం కాపీరైట్ లేదు. రేపు ఇంకొకరు ఇంకో ఊళ్ళో జీడి పిక్కలు కొడుతూ కూర్చుంటే చట్టం ఆపదు. ఆపేది పరువే. ఈ రంగంలో ఎవరు ముందు చేశారో అందరికీ తెలుసు. అందుకే తేదీలు వేసి రికార్డు పెట్టుకోవడం ఇక్కడ అంత ముఖ్యం.

డబ్బు ఎటునుంచి వస్తుంది

ఆ తల్లి మనసులో అసలు టెన్షన్ ఇదే. ఒక లెక్క వేద్దాం. ఇవి నేను వేసిన ఊహాలెక్కలు, ఎవరి ఖాతాలోనివీ కావు.

ఖర్చు: ఖాదీకి 8,000 రూపాయలు, పిక్కలకి 6,000, కెమెరా మనిషికి ఐదు రోజులకి 20,000, తోడు కూర్చున్న ఇద్దరికీ రోజుకి 800 చొప్పున 8,000, హాలు, రవాణా, భోజనాలు కలిపి 18,000. మొత్తం 60,000.

రాబడి: పిలిచిన సంస్థ ఇచ్చిన ప్రదర్శన రుసుము 40,000 అనుకుందాం. ఒక గుడ్డ 30,000కి అమ్ముడైతే గ్యాలరీకి సగం పోను 15,000. వీడియోను ఐదు కాపీలకు మించి చేయనని ముందే ప్రకటించి (దీన్నే ‘ఎడిషన్’ అంటారు) ఒక కాపీ 20,000కి అమ్మితే చేతికి 10,000. మొత్తం 65,000. ఆరు నెలల ఆలోచనకి, ఐదు రోజుల కూర్చోడానికి మిగిలింది 5,000.

ఈ అంకె చూసి ఆ తల్లి గుండె జారడం సహజం. కానీ ఇంకా నాలుగు గుడ్డలు, నాలుగు వీడియో కాపీలు ఆ అమ్మాయి దగ్గరే ఉన్నాయి. పేరు వస్తే వాటి వెల పెరుగుతుంది, రాకపోతే బీరువాలో ఉంటాయి. బొమ్మ, శిల్పం, డ్రాయింగ్ మళ్ళీ 10,000కి పైన అమ్ముడైనప్పుడు కళాకారుడికి వాటా ఇవ్వాలని చట్టంలో 53ఏ సెక్షన్ చెబుతుంది. అది 10 శాతం దాటకూడదు. అంటే ఈ 30,000 గుడ్డ పదేళ్ళకి 4 లక్షలకి చేతులు మారితే గరిష్ఠంగా 40,000. అయితే మరకల గుడ్డ డ్రాయింగ్ అవునా కాదా అని వాదన రావచ్చు. పైగా అమ్మిన సంగతి ఈమెకి తెలియాలి.

పన్నుల్లో కూడా ఆ గోడ కనబడుతుంది. జానపద, శాస్త్రీయ సంగీత, నృత్య, నాటక రూపాల్లో కళాకారుడు ఇచ్చే ప్రదర్శనకి రుసుము 1.5 లక్షలు దాటకపోతే జీఎస్టీ లేదు. జీడి పిక్కలు కొట్టడం జానపదమా? శాస్త్రీయమా? రెండూ కాదు. సేవల మీద ఏడాది ఆదాయం 20 లక్షలు దాటని వాళ్ళకి సాధారణంగా ఈ గొడవ రాదు కాబట్టి ఇప్పటికి ఆమెకి భయం లేదు. చేతితో వేసిన చిత్రాల మీద పన్ను 2025 సెప్టెంబరు 22 నుంచి 12 శాతం నుంచి 5 శాతానికి తగ్గింది.

నిజానికి ఈ రంగంలో చాలామందిని నిలబెట్టేది అమ్మకం కాదు. పాఠాలు చెప్పడం, వర్క్‌షాపులు, రెసిడెన్సీలు (కొన్ని వారాలో నెలలో ఒకచోట ఉండి పని చేసుకోనిచ్చే ఏర్పాటు), ఫెలోషిప్పులు. కేంద్ర సాంస్కృతిక శాఖ 18 నుంచి 25 ఏళ్ళ కళాకారులకు నెలకి 5,000 చొప్పున రెండేళ్ళు స్కాలర్‌షిప్ ఇస్తుంది. ఆ పైన 40 ఏళ్ళ దాకా వయసువాళ్ళకి జూనియర్ ఫెలోషిప్ నెలకి 10,000. ఒకటి అయ్యేలోగా ఇంకొకటి చూసుకోవాలి. మధ్యలో ఖాళీ నెలలుంటాయి. ఉద్యోగంలా మెట్లు ఉండవు, మన మెట్ట పొలాల్లా కారు కారుకీ వానను బట్టి ఉంటుంది.

‘ఇదేం కళ’ అనేవాళ్ళ మాట

“కూర్చుని పిక్కలు కొట్టడం ఎవరికి రాదు?” ఇది మొదట వచ్చే అభ్యంతరం. నిజమే, చేతికి ఎవరికైనా వస్తుంది. వడ్డాది పాపయ్య గారి గీత ఎవరికీ రాదు. శ్రీకాకుళంలో 1921లో పుట్టిన ఆ మహానుభావుడు చందమామ అట్టల మీద వేసిన ఒంపును నేను ముప్పై ఏళ్ళు పిల్లల చేత దిద్దించాను, నాకే రాలేదు. విజయనగరంలో అంత్యాకుల పైడిరాజు గారు కుంచె పట్టినా ఉలి పట్టినా చేతి విద్యే ముందు కనబడేది. పెర్ఫార్మెన్స్ ఆర్ట్‌లో నైపుణ్యం చేతి నుంచి ఇంకో చోటికి జరిగింది: దేన్ని ఎంచుకోవాలి, ఎంతసేపు, ఎక్కడ ఆపాలి. అది తప్పితే పని నిజంగానే ఖాళీగా ఉంటుంది. అలాంటి ఖాళీ పనులు చాలానే వస్తున్నాయి, ఒప్పుకోవాలి.

రెండో అభ్యంతరం నాకు ఇంకా బరువైనది. ఒక ఆడమనిషి పదిహేనేళ్ళు పిక్కలు కొడితే రోజు కూలీ. ఒక అమ్మాయి ఐదు రోజులు కొడితే అది కళ, అది కెరీర్. ఇందులో న్యాయం ఏముంది? దీనికి కళాకారులు చెప్పే జవాబు: ఎవరూ చూడని పనిని చూసేలా చేయడమే మా పని, లేకపోతే అది ఎప్పటికీ జీడిపప్పు ప్యాకెట్ వెనకే ఉండిపోతుంది. ఈ జవాబులో బలం ఉంది, కానీ సరిపోదు. చూపించినందువల్ల వచ్చిన పేరూ డబ్బూ ఎవరి దగ్గర ఆగాయన్నది కూడా చూడాలి. అందుకే ఆ ఇద్దరి కూలీ ఎంత, వీడియోలో పేర్లున్నాయా, గుడ్డ అమ్మితే వాళ్ళకి వాటా ఉందా అన్నవి నా దృష్టిలో లెక్కల పుస్తకంలో విషయాలు కావు, ఆ కళలో భాగాలు. ఈ మాట చెబితే ఆ పిల్ల నోట్‌బుక్ తీసి ‘వాటా?’ అని రాసుకుంది. ప్రశ్నార్థకం ఇంకా అలాగే ఉంది.

ఊళ్ళో ఉండి చేయగలమా?

చదువుకి విశాఖలో ఆంధ్ర విశ్వవిద్యాలయం ఫైన్ ఆర్ట్స్ విభాగం ఉంది, దూరం వెళ్ళగలిగితే బరోడా, శాంతినికేతన్, హైదరాబాద్. చూపించడానికి మన జిల్లాల్లో పెద్ద గ్యాలరీల వరస లేదు. శ్రీకాకుళంలో బాపూజీ కళామందిర్, విజయనగరంలో ఆనంద గజపతి ఆడిటోరియం వేదిక ఉన్న హాళ్ళు. వేదిక మీదికెక్కితే ఇలాంటి పని నాటకంలా కనబడే ప్రమాదం ఉంది. నేల మీద కూర్చునే పనికి నేల కావాలి: మూతబడిన బియ్యం మిల్లు, బడి వరండా, సముద్రపు ఒడ్డు, సంత. ఆ రకంగా చూస్తే మనకు చోటుకేం తక్కువ లేదు. చూసి రాసేవాళ్ళే తక్కువ.

దరఖాస్తు చివరికి ‘చిత్రలేఖనం’ దగ్గర టిక్ పెట్టాం. నమూనాగా ఏదైనా జత చేయమన్నారు. వీడియో పెట్టే చోటు లేదు, గుడ్డ ముక్కైతే పిన్ను చేయొచ్చు. అమ్మాయి సంచిలోంచి ఒక చిన్న ఖాదీ ముక్క తీసింది. దాని మీద నాలుగు వేళ్ళ నల్లటి చారలున్నాయి, ఇంట్లో ప్రయత్నంగా చేసినవి. వాళ్ళమ్మ దాన్ని తీసుకుని అంచు పట్టి వెలుతురులోకి పెట్టి చూసింది.

“ఇంత మంచి గుడ్డ పాడుచేసిందని తిట్టాను మాస్టారూ” అంది. “ఎన్నిసార్లు ఉతికానో. పోలేదు.”